నాటకకర్త్రి తరిగొండ వెంగమాంబ

తరిగొండ వెంగమాంబ పేరు వినని తెలుగువారరుదు. తిరుమలలో ఏకాంతసేవవేళ ఆమె పేర ముత్యాల హారతి నేటికిని జరుగుచున్నది. అచ్చటి అన్నప్రసాద భవనమునకును ఆమె పేరే పెట్టిరి. అయినను ఆమె నాటకకర్త్రి యన్నచో మనలో పెక్కురు విస్మయపడుదురు. భక్తురాలిగా ఆమెను కొలిచితిమి, రచయిత్రిగా చదువమైతిమి.

మదనపల్లె ప్రాంతపు తరిగొండ గ్రామమున 1730లో ఆమె జన్మించెను. బాల్యముననే వివాహమయ్యెను, అనతికాలముననే భర్త గతించెను. విధవలకు నాడు విధించుచుండిన కేశఖండనమునకు ఆమె సమ్మతింపలేదని పెద్దలు చెప్పుదురు. స్వగ్రామమున నున్నపుడే శివనాటకమును, బాలకృష్ణ నాటకమును రచించెను. తిరుమల చేరిన పిమ్మట రుక్మిణీ నాటకము, గోపీ నాటకము, చెంచు నాటకము, జలక్రీడా విలాసము, ముక్తికాంతా విలాసము వెలసెను. 1817లో తిరుమలలోనే ఆమె తనువు చాలించెను.

ఇవి యక్షగానములు. యక్షగానమన మూల కూర్చుండి చదువుకొను కావ్యము గాదు. దరువు తాళమున కొదగవలెను. పాత్ర ప్రవేశించునప్పుడే దాని స్వభావము తెలియవలెను. అక్షరమెరుగని శ్రోతకును సంవాదము బోధపడవలెను. ఈ నేర్పు ఊరక వచ్చునది గాదు. తాను గురువులయొద్ద ఓనమాలైన నేర్వలేదని ఆమె చెప్పుకొన్నది. కవులకు సహజమైన ఆ వినయమును మనము అక్షరాల నమ్మి, సమస్తమును దైవకృపకే యొప్పగించితిమి. దైవకృపను కాదన నక్కరలేదు. కాని దాని నీడలో ఒక స్త్రీ చేసిన శ్రమను దాచుట న్యాయమా?

ఈ యన్యాయము మనదేశమునకే పరిమితము గాదు. వెంగమాంబ జీవించియున్న దినములలోనే, స్కాట్లండున 1762లో జన్మించిన జోవానా బెయిలీ 1798లో తన నాటకముల మొదటి సంపుటమును పేరు లేకయే ప్రకటించెను. అట్టి రచన పురుషునిదే యని పలువురు తలచిరి. ఆమె నాటకము 'డి మాన్‌ఫర్ట్' 1800లో లండను డ్రూరీ లేను రంగశాలలో ప్రదర్శింపబడెను. అచ్చట కర్త పేరు మరుగున నుండెను. ఇచ్చట పేరు నిలిచెను, కర్తృత్వమే మరుగుపడెను.

దివిసీమలోని కోడూరున నుండు మాకు కూచిపూడి దూరము గాదు. అచ్చటి మేళములలో పురుషులే స్త్రీవేషములు ధరించు నాచారము తరతరములు సాగెను. ఇరువదవ శతాబ్దమున వెంపటి చినసత్యముగారి వంటి గురువుల శిక్షణలో స్త్రీలు రంగమెక్కిరి. నేడు సత్యభామ వేషము స్త్రీయే ధరించుచుండగా, స్త్రీ వ్రాసిన దరువునకు అడుగు వేయుటకు అడ్డేమి?

తిరుమల తిరుపతి దేవస్థానమువారు వెంగమాంబ కృతులను ముద్రించిరి. ఇక పని మనది. నాట్యబృందములు ఆమె యక్షగానములలో ఒక్కటైనను చేపట్టి యాడవలెను. పాఠశాలలు ఆమెను నాటకకర్త్రిగా బోధింపవలెను. హారతి యిచ్చుటతో ఆమె ఋణము తీరదు. నాటకకర్తకు నిజమైన పూజ ప్రదర్శనమే.