పార్సీగుట్ట దఖ్మా: పుట్టుపూర్వోత్తరములు

సికింద్రాబాదు చెంత పార్సీగుట్ట యను పేట గలదు. బస్సుల నొసట, అద్దెయిండ్ల ప్రకటనలలో, కిరాణాకొట్ల రసీదులపై ఆ పేరు నిత్యమును కానవచ్చుచున్నను, దాని కాపేరెట్లు కలిగెనని విచారించువారు మాత్రమరుదు. మృతదేహములను భూమిలో పాతక, అగ్నికి ఆహుతి చేయక, సూర్యరశ్మికిని పక్షులకును అప్పగించుటకై పార్సీలు కట్టుకొను వర్తులాకారపు రాతి ప్రాకారము, అనగా దఖ్మా, అచట నుండుటచేతనే ఆ పేరు. ఆంగ్లేయులు దానిని నిశ్శబ్దగోపురమనిరి. లోనికి పరమతస్థులకు ప్రవేశము లేదు. పార్సీలకైనను శవవాహకులకు దప్ప ఒరులకు లేదు. ఆ కట్టుబాటును మన్నించుచు, గోడ కీవలనుండియే నేనీ నాలుగు మాటలు వ్రాయుచున్నాను.

ఈ యాచారమును విన్నంతనే మనవారు అనేకులు ముఖము చిట్లింతురు. అట్లు చిట్లించుట తగదని నాకు దోచినది మా నాయనమ్మ పోయిన మూడవనాడు. బన్సీలాలుపేట శ్మశానవాటికలో విస్తరి పరచి, అన్నము, పప్పు, ఆమె కిష్టమైన పచ్చిపులుసు, నాలుగు గారెలు వడ్డించి, మేమందరము దూరముగా పోయి నిలిచితిమి. గోడమీద కాకులు కూర్చుండియే యున్నవి, ఒక్కటియు దిగిరాదు. ఎండ నడినెత్తికి వచ్చినది. అప్పుడు మా పెదనాయన విస్తరి యొద్దకు పోయి, రెండు చేతులు జోడించి, “అమ్మా, చిన్నోని పెండ్లి మేం చేస్తం, నువ్వు రంది పెట్టుకోకు, వచ్చి తిను” అని గద్గదస్వరమున పలికెను. ఆయన వెనుకకు తిరిగి పది యడుగులు వేయకముందే కాకి వ్రాలినది. “పిట్ట ముట్టింది” అని ఎవరో అనిరి, అందరి గుండెలు తేలికపడినవి, స్నానములకు కదలితిమి. పోయినవారు తృప్తిపడిరో లేదో చెప్పవలసినది పక్షియే యని నమ్ము మనకు, ఆ పక్షికి దేహమునే సమర్పించిన వారి భావము దూరమైనది కానేరదు.

ఈ పద్ధతికి మూలము జరతుష్ట్ర మతమునందలి శౌచభావన. అగ్ని, జలము, భూమి, ఈ మూడును వారి పరమదైవమగు అహురమజ్దా సృష్టించిన పవిత్రపదార్థములు. మరణము దుష్టశక్తికి కలిగిన తాత్కాలిక విజయము. ప్రాణము పోయిన తోడనే నసు అను పిశాచము దేహము నావేశించునని వారి విశ్వాసము. కాబట్టి శవమును కాల్చిన అగ్నికిని, పాతిన భూమికిని, విడిచిన నీటికిని అపచారమే. మరి యేమి చేయవలెను? పక్షులును శునకములును చూడగల ఉన్నతప్రదేశమున ఉంచవలెనని వెందిదాదు అను ధర్మగ్రంథము శాసించుచున్నది. క్రీస్తుపూర్వము అయిదవ శతాబ్దిలోనే గ్రీకు చరిత్రకారుడు హెరొడోటసు, మాగీ పురోహితుల దేహములను పక్షియో కుక్కయో చీల్చినపిదపనే పాతిపెట్టుదురని వ్రాసినాడు. అయినను పారసీక చక్రవర్తులకే ఈ నియమము వర్తించినట్లు తోపదు: కురుషు సమాధి పసర్గాదెలోను, దారయవహుని శిలాసమాధి నఖ్షే రుస్తములోను నేటికిని నిలిచియున్నవి. తొలుత దేహమును గుట్టమీద బయటనే ఉంచి, శుష్కించిన ఎముకలను శిలాపేటికలలో భద్రపరచెడివారు. చుట్టును గోడకట్టిన గోపురము ఇరానులో ఇస్లాము వ్యాపించిన పిదప ఏర్పడినదని పండితుల యభిప్రాయము.

ఆ యిరానును విడిచి గుజరాతు తీరమున సంజానులో దిగినవారే పార్సీలు. ముంబయి మలబారుకొండమీద 17వ శతాబ్ది యుత్తరార్ధముననే వారి దఖ్మా వెలసినది. దక్కనునకు వారిని తెచ్చినది వర్తకము. నిజామునకును ఆంగ్లేయులకును కుదిరిన 1798 నాటి సంధిననుసరించి హుస్సేనుసాగరమున కుత్తరముగా ఆంగ్లసేనలు విడిసెను. 1806లో నిజాము సికందరు జా పేర ఆ దండుప్రదేశమునకు సికింద్రాబాదను నామకరణమయ్యెను. దండున్నచోట సరకు కావలెను, సరకున్నచోట సాహుకారు కావలెను. పెస్తన్జీ మెహెర్జీ, విక్కాజీ మెహెర్జీ యను సోదరులు నిజాము సర్కారునకే అప్పులిచ్చునంతటి ధనవంతులై, ఔరంగాబాదు టంకశాలను నడపి, తమ పేర పెస్తన్‌షాహీ రూపాయి చెలామణి యగునంతటి వైభవ మనుభవించి, సర్కారు బాకీలు తీరక తుదకు చితికిపోయిరి. వారి సంపద పోయినది గాని, వారు 1847లో సికింద్రాబాదున కట్టించిన అగ్యారీ, అనగా అగ్నిమందిరము, పోలేదు. మహాత్మాగాంధీ రోడ్డు రద్దీ నడుమ అది నేటికిని వెలుగుచున్నది. పిమ్మట 1904లో ఆబిడ్సు చెంతను, 1920లో మరల సికింద్రాబాదులోను మరి రెండు అగ్నిమందిరములు వెలసెను. అగ్నికి గుడియు, దేహమునకు గుట్టయు నున్నగాని పార్సీలకు ఊరు స్వంతమైనట్లు కాదు.

అంత్యక్రియల క్రమము మిక్కిలి శ్రద్ధతో గూడినది. దేహమునకు స్నానము చేయించి, ఉతికిన పాత తెల్లబట్టలను తొడిగి (క్రొత్తబట్టను శవమునకై వ్యర్థపరచుట దోషము), నడుమునకు కుస్తీ యను పవిత్రసూత్రమును కట్టి, రాతిపలకపై పరుండబెట్టి, చుట్టును లోహపు మేకుతో మూడు మారులు గీత గీయుదురు. ఆ గీతను శవవాహకులు దప్ప ఒరులు దాటరాదు. దాపున గంధపుచెక్కలతోడను సాంబ్రాణితోడను అగ్ని వెలుగుచుండును. అంతట ఒక కుక్కను తెచ్చి మృతుని ముఖము చూపింతురు. దీనికి సగ్దీదు, శునకదృష్టి, యని పేరు. కన్నులపై రెండు మచ్చలుండి నాలుగు కన్నులదానివలె కనుపించు కుక్క ఇందులకు శ్రేష్ఠమట! ఋగ్వేదమున యముని త్రోవ కాయు రెండు శునకములును నాలుగు కన్నులవియే. ఒకే యింట పుట్టి వేరుపడిన అన్నదమ్ముల పోలిక వలె ఈ సామ్యము నన్నెప్పుడును నిలిపివేయును.

పగటివేళనే, సూర్యుడు చూచుచుండగనే, నస్సేసాలారులనబడు శవవాహకులు దేహమును ఇనుపపాడెపై మోయుదురు. కొయ్య మైలను పీల్చుకొనునని ఇనుము. వెనుక బంధుమిత్రులు తెల్లని దుస్తులతో ఇద్దరిద్దరుగా, నడుమ ఒక రుమాలును చెరియొక కొన పట్టుకొని నడతురు. మృత్యువు చెంత ఎవ్వరును ఒంటరిగా నుండరాదు. దఖ్మా లోపల రాతినేల మూడు వలయములుగా నుండును: వెలుపలి వలయము పురుషులకు, నడిమిది స్త్రీలకు, లోపలిది శిశువులకు. అచట సంపన్నునికిని నిరుపేదకును ఒకే రాయి. ఎండిన ఎముకలు మధ్యనున్న బావి వంటి గుంటలో చేరును. వాననీరు ఇసుకను, బొగ్గును దాటి శుద్ధమై గాని మట్టిని తాకదు. నాలుగవనాటి ఉషఃకాలమున ఆత్మ చిన్వత్ వారధిని చేరునని, పుణ్యవంతునికి వంతెన వెడల్పగునని, అచట అతని సత్కర్మలే సుందరకన్యారూపమున ఎదురువచ్చునని వారి నమ్మకము. మన వైతరణిని దాటించునదియు గోదానపుణ్యమే కదా.

ఆరుబయట నుంచు పద్ధతి ఈ నేలకు క్రొత్త గాదు. అథర్వవేదము పాతిన పితరులను, దహింపబడినవారిని మాత్రమే గాక, ఎత్తున ఉంచబడినవారిని గూడ పేర్కొనుచున్నది. మౌలాలి పరిసరములందలి ఇనుపయుగపు సమాధులను జనులు రాక్షసగుళ్లందురు. దక్షిణాపథమందలి ఇట్టి సమాధులనేకములలో అస్థిపంజరము సంపూర్ణముగా లేక, ఏరి పెట్టిన ఎముకలే కానవచ్చుటచేత, దేహమును ముందుగా ఆరుబయట ఉంచియుందురని పురావస్తుశాస్త్రజ్ఞుల యూహ. టిబెట్టువారు నేటికిని దేహమును రాబందుల కర్పించి, ఆ క్రియను పక్షులకు భిక్ష యను నర్థమిచ్చు మాటతో పిలుతురు.

అట్టి భిక్షను గ్రహింపవలసిన పక్షియే నేడు లేకుండ బోయినది. 1990ల తొలినాళ్ల నుండి మనదేశపు రాబందులు రాలిపోసాగెను. మూడు జాతులలో నూటికి 97కు మించి నశించినవి. గ్రామములలో పశువుల నొప్పికిని జ్వరమునకును వాడిన డైక్లోఫెనాకు మందు కళేబరము ద్వారా రాబందు కడుపున జేరి, మూత్రపిండములను చెరచుచున్నదని 2004లో వెల్లడి యయ్యెను; 2006లో ప్రభుత్వము దానిని పశువైద్యమునందు నిషేధించెను. రాబందుల గుంపు కొలదిసేపటిలో ముగించు పని రోజులకొలది సాగుటచే, ముంబయిలో సూర్యకిరణములను కేంద్రీకరించు పరికరములను అమర్చిరి. వానకాలపు మబ్బులకు అవి లొంగినవి. 2015లో వర్లీ శ్మశానవాటికలో, దహనమును కోరు పార్సీలకొక ప్రార్థనామందిరము ఏర్పడెను. 2024లో రతన్ టాటా అంత్యక్రియలు ఆ వాటికయందే జరిగెను. 2011 జనాభా లెక్కలలో దేశమందంతట 57,264 మందిగా తేలిన యీ చిన్నసమాజము, మూడువేల యేండ్లకు చేరువైన తన యాచారమును గూర్చి మథనపడుచుండుటకు కారణము, వారి విశ్వాసమందలి లోపము గాదు. మనమెల్లరము కలసి చంపుకొన్న పక్షి.

జటాయువునకు శ్రీరాముడు తండ్రికి వలె దహనసంస్కారము చేసెనని చెప్పుకొను జాతి మనది. తెలంగాణమున కుమురంభీము జిల్లా బెజ్జూరు అడవిలో పాలరాపు గుట్టమీద పొడుగుముక్కు రాబందులు గూళ్లు కట్టుకొన్నట్లు కనుగొని దశాబ్దము దాటినది. పాఠకులలో పల్లెలయందు పాడిపశువులు గలవారు, బంధువుల చేత పశుపోషణ చేయించువారు అనేకులుందురు. ఆవునకో గేదెకో నొప్పికి సూది వేయవలసివచ్చినపుడు, డైక్లోఫెనాకు వలదనియు, రాబందులకు హాని చేయని మెలోక్సికాము గలదనియు పశువైద్యునితో ఒక్కమాట చెప్పుడు.