ఆ పాటలో గొంతు ఎవరిది?

ఈరోజు కథ 1959లో వచ్చిన 'కాగజ్ కే ఫూల్' గురించి. అంటే కాగితం పూలు. ఇండియాలో మొదటి సినిమాస్కోప్ సినిమా ఇదే. తీసిందీ, హీరోగా చేసిందీ గురుదత్.

సినిమాలో సురేశ్ సిన్హా పెద్ద డైరెక్టర్. భార్యతో విడిపోయి ఉంటాడు. ఒక కొత్త అమ్మాయిని స్టార్‌ని చేస్తాడు, ఇద్దరూ దగ్గరవుతారు. కూతురి కోసం ఆ అమ్మాయి తప్పుకుంటుంది. ఆయన అన్నీ పోగొట్టుకుని, చివరికి స్టూడియోలో డైరెక్టర్ కుర్చీలోనే ప్రాణం వదులుతాడు.

ఇప్పుడు తెర బయటికి వద్దాం. ఆ అమ్మాయి పాత్ర వేసింది వహీదా రెహమాన్. 1955లో మన 'రోజులు మారాయి'లో ఏరువాక పాటకి డాన్స్ చేసింది ఈవిడే. ఆ సినిమా హిట్టయ్యాక గురుదత్ ఆమెని హైదరాబాద్‌లో చూసి బొంబాయికి పిలిపించాడు.

గురుదత్ భార్య గీతాదత్. 1953లో పెళ్లయ్యేనాటికే ఆమె పేరున్న సింగర్. ఆమెని హీరోయిన్‌గా పెట్టి 'గౌరి' అనే సినిమా మొదలుపెట్టాడు, మధ్యలోనే ఆపేశాడు. కాపురంలో కలతలు పెరిగాయి. వహీదా పేరు కలిపి బయట గుసగుసలు.

అసలు విషయం ఇక్కడుంది. 'కాగజ్ కే ఫూల్' అనగానే అందరికీ గుర్తొచ్చే సీన్ ఒకటి ఉంది. ఖాళీ స్టూడియో, పైనుంచి పడే ఒక్క వెలుగు, దూరదూరంగా నిలబడ్డ ఇద్దరు. కెమెరామన్ వీకే మూర్తి అద్దాలతో ఎండని లోపలికి తిప్పి తీసిన షాట్ అది. వహీదా మీద తీసిన ఆ పాటకి గొంతు ఎవరిదో తెలుసా? గీతాదత్‌ది. తన ఇంటి కథలా ఉన్న కథకి, భర్త సినిమాలో, మైక్ ముందు నిలబడి ఆవిడే పాడింది.

సినిమా ఘోరంగా ఫ్లాప్ అయింది. ఆ తర్వాత గురుదత్ ఏ సినిమాకీ డైరెక్టర్‌గా తన పేరు వేసుకోలేదు. 1964 అక్టోబర్ 10న చనిపోయాడు, 39 ఏళ్లకే. గీత 1972లో, 41 ఏళ్లకి. ముగ్గురు పిల్లలు మిగిలారు. సినిమా క్లాసిక్ అని లోకం ఒప్పుకునేసరికి ఆ ఇల్లే లేదు.

నేను కోడ్ రాసే రోజుల్లో నిద్ర మానేసి పనిచేయడం గొప్ప అనుకునేవాణ్ని. అమ్మ ఫోన్ చేస్తే కట్ చేసేవాణ్ని. "గొప్ప పని కావాలంటే బాధ తప్పదు" అని ఈజీగా అనేస్తాం కదా. ఆ బాధ ఎవరి వాటాకి వచ్చిందో మాత్రం అడగం.

ఈసారి ఆ వెలుగు షాట్ మీ ఫీడ్‌లో కనిపిస్తే మ్యూట్‌లో చూడకండి. గొంతు కూడా వినండి. ఉంటా మరి.