భర్తా? పరాయివాడా?

ఏళ్ల తర్వాత తిరిగొచ్చిన భర్తను గుర్తుపట్టలేమా అంటాం కదా. వినండి మరి.

ఫ్రాన్సులోని ఆర్తిగా గ్రామం నుంచి మార్టిన్ గెర్ 1548లో చెప్పాపెట్టకుండా వెళ్లిపోయాడు. 1556లో ఒకడు వచ్చి నేనే మార్టిన్నన్నాడు. పాత ముచ్చట్లన్నీ చెప్పాడు. నలుగురు తోబుట్టువులూ, చిన్నాన్నా నమ్మారు. భార్య బెర్త్రాండ్ మూడేళ్లు కాపురం చేసింది, బిడ్డను కన్నది. అతను ఆస్తి లెక్కలడిగేసరికి చిన్నాన్నకు అనుమానం పుట్టింది. వ్యవహారం కోర్టుకెక్కింది. 1560లో తులూజ్‌లో న్యాయమూర్తులు అతనివైపే మొగ్గుతుండగా, కొయ్యకాలితో అసలు మార్టిన్ వచ్చి నిలబడ్డాడు! మోసగాణ్ణి ఉరితీశారు.

బెర్త్రాండ్‌కు ముందే తెలుసా అని చరిత్రకారులు నేటికీ వాదించుకుంటారు. మార్టిన్ మాత్రం తోబుట్టువులను దగ్గరకు తీసుకుని, పెళ్లాం పొరబడ్డమేమిటని ఆమెనే నిందించాడు. పన్నెండేళ్లు జాడలేనివాడి మాట ఇది! ఆమెకు అసలు పరాయివాడెవరో మీరే చెప్పండి.