నల్లరాయి దాచుకున్న దిక్కు

దగ్గరికి జరగండర్రా, మరీ మంట మీదకి కాదు. చిన్నోడా, ఆ భోగిపిడకల దండ ఇప్పుడే వెయ్యకు, ముందు దుంగలు బాగా అంటుకోనీ. నీళ్లు కాగాయని మీ నాయనమ్మ తలంట్లకి కేకేసేలోపు మనకి బోలెడు టైముంది. రాత్రి నువ్వడిగావు చూడు అమ్మడూ, ఫోన్లో ఎవరో చెప్పారని, “భూమి ధ్రువాలు తల్లకిందులైపోతాయంట, నిజమేనా తాతయ్యా” అని. తల్లకిందులయ్యేది భూమి కాదమ్మా. సూర్యుడు తూర్పునే పొడుస్తాడు, గోదారి సముద్రంలోకే పోతుంది. దిక్సూచి ముల్లు మాత్రం ఉత్తరం చూసేదల్లా దక్షిణం చూస్తుంది. అది నిజమే. ఇదివరకు వందలసార్లు జరిగింది. ఈ సంగతి నాకు బడిలో ఎవరూ చెప్పలేదు, క్వారీలో తెలిసింది.

దేవరపల్లి దాటి గౌరీపట్నం వైపు వెళ్తుంటే నల్లరాతి క్వారీలు కనపడతాయి కదా, వాటిల్లో ఒకదాంట్లో నేను మేస్త్రీగా చేశాను. మాకు నల్లరాయంటే కంకర. స్లాబుకి ఇరవై ఎంఎం, రోడ్డుకి నలభై ఎంఎం, అంతే లెక్క. క్వారీ గోడ చూస్తే కింద ఒక నల్లరాతి పొర, దాని మీద తెల్లగా సున్నపురాయీ బంకమట్టీ, దాని మీద మళ్లీ నల్లరాయి. ఆ తెల్లపొరలో ఆలిచిప్పలు దొరికేవి. సముద్రం ఇక్కడికి ఎంత దూరం, ఈ చిప్పలు కొండలోకి ఎలా వచ్చాయి అని ఒక్కసారి అనుకుని, మళ్లీ పనిలో పడిపోయేవాణ్ణి.

ఒక ఏడు సంక్రాంతి వెళ్లాక ఒక ప్రొఫెసరు గారు, ఇద్దరు కుర్రాళ్లు వచ్చారు. వాళ్ల దగ్గర చెట్లు కోసే రంపానికుండే ఇంజనులాంటిది ఒకటి, దాని ముందు అంగుళం వెడల్పు ఇత్తడి గొట్టం, గొట్టం అంచుకి వజ్రపు పొడి. రాతిలోకి అది దిగుతున్నంతసేపూ నీళ్లు కొట్టాలి. “ఆయ్, నేను కొడతానండి” అని పంపు అందుకున్నాను. బొటనవేలంత రాతి కడ్డీ తయారయ్యేది. దాన్ని విరిచి తియ్యకముందే, అది రాతిలో ఉన్నది ఉన్నట్టుగా, ఏ వాలున ఉంది, ఏ దిక్కున ఉంది అని కొలిచి, దాని మీద గీత గీసి అప్పుడు తీసేవారు. ఆ గీత తప్పితే రోజంతా పడ్డ కష్టం వృథా.

నాకు వింత అనిపించింది ఇంకోటి. దిక్సూచి చేతిలో ఉండగా, ఎండలో ఒక పళ్లెం పెట్టి, దాని మధ్య పుల్ల నిలబెట్టి, నీడ ఎటు పడిందో, టైము ఎంతయిందో రాసుకునేవారు. “ఇదెందుకండీ?” అంటే ఆయన దిక్సూచిని తెచ్చి క్వారీ గోడకి ఆనించారు. ముల్లు గిర్రున పక్కకి తిరిగింది! పిడుగు పడ్డ చోటయితే మరీనట. రాతికే సూదంటు గుణం ఉంది, అలాంటప్పుడు ఆ రాతి పక్కన ముల్లుని ఎలా నమ్ముతాం, నీడనయితే నమ్మొచ్చు అన్నారు. జేబులో తాళాలూ చాకూ కూడా దూరంగా పెట్టించారు. బొంబాయి కొలాబాలో భూమి అయస్కాంత బలాన్ని కొలిచే పాత అబ్జర్వేటరీ ఒకటుండేదట. ఊళ్లో కరెంటు ట్రాములు వస్తున్నాయని, వాటివల్ల కొలతలు చెడతాయని, 1904లో దాన్ని సముద్రం అవతల అలీబాగ్‌కి మార్చేశారట. అంత సున్నితమైన పని అది.

సాయంత్రం పని అయ్యాక ఇలాగే చలిమంట వేసుకుని కూర్చునేవాళ్లం. అప్పుడు ఆయన చెప్పారు అసలు సంగతి. చిన్నప్పుడు నేను పాడైన రేడియో స్పీకర్లోంచి అయస్కాంతం తీసి, కమ్మరి కొలిమిలో పెట్టి చూశాను. ఎర్రగా కాలి చల్లారాక గుండుసూదిని కూడా సరిగ్గా లాగలేదు. నిప్పు సూదంటు గుణాన్ని తీసేస్తుందని నాకప్పుడే తెలుసు. మిగతా సగం తెలియదు. నల్లరాతిలో మాగ్నటైట్ అని ఇనుప ఖనిజం రేణువులుంటాయి. రాయి కరిగి లావాగా ఉన్నప్పుడు వాటికి ఆ గుణం లేదు. చల్లారుతూ చల్లారుతూ 580 డిగ్రీల సెల్సియస్ కిందకి దిగినప్పుడు అది వస్తుంది. వచ్చేటప్పుడు భూమి అయస్కాంతం ఎటు లాగుతుంటే అటు మొగ్గుతుంది. రాయి పూర్తిగా చల్లారాక ఆ మొగ్గు అందులో అలా ఉండిపోతుంది. తర్వాత పైన ఎన్ని వానలు కురిసినా, దిక్సూచి ఎటు తిరిగినా, మళ్లీ అంతగా కాలితే తప్ప అసలు గుర్తు చెరగదు. తర్వాతి కాలంలో పైపైన చేరిన చిన్న గుర్తుల్ని ల్యాబులో కొంచెం కొంచెంగా వేడిచేసి తీసేసి, లోపలున్న పాత దిక్కుని చదువుతారు.

మరుసటేడు ఆయన మళ్లీ వచ్చారు. క్వారీ గోడ కింది పొర మీద చెయ్యి వేసి, “ఇది చల్లారినప్పుడు ముల్లు దక్షిణం చూసేది మేస్త్రీ గారూ” అన్నారు. చెయ్యి తెల్లపొర దాటించి పై నల్లరాతి మీద పెట్టి, “ఇది చల్లారేటప్పటికి ఉత్తరానికి తిరిగింది” అన్నారు. రెంటికీ మధ్య నాలుగు నిలువుల ఎత్తు కూడా లేదు. రోజూ నేను చుట్ట కాల్చుకుంటూ ఆనుకుని కూర్చునే గోడ అది! ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఆ రాయి మన ఊళ్లో పుట్టింది కూడా కాదు. సుమారు 6.6 కోట్ల ఏళ్ల కిందట, డైనోసార్లు అంతరించిన కాలంలో, పడమటి కనుమల వైపు భూమి చీలి లావా పొర్లింది. గోదారి పుట్టిన త్ర్యంబకం కొండ కూడా ఈ నల్లరాయే. ఆ లావా పాత నదీలోయలు పట్టుకుని దాదాపు వెయ్యి కిలోమీటర్లు పారి, రాజమండ్రి దగ్గర అప్పటి సముద్రపు ఒడ్డుకి చేరిందని శాస్త్రజ్ఞుల లెక్క. మహాబలేశ్వరం రాళ్లకీ వీటికీ రసాయనాల పోలిక కుదిరింది. ఒకసారి లావా వచ్చి చల్లారింది, దాని మీద ఉప్పునీళ్లు చేరి ఆలిచిప్పలు పెరిగాయి, తర్వాత మళ్లీ లావా వచ్చింది. అవతల ఒడ్డున కాతేరులోనూ ఇదే వరస, ఇటు దుద్దుకూరులోనూ ఇదే.

ఇంకో చిత్రం వినండి. ఇప్పుడు మన ఊళ్లో ముల్లుని మధ్యలో దారంతో వేలాడదీస్తే ఉత్తరం చూస్తూ తల కాస్త కిందకి వంచుతుంది. పై రాతిలోని ముల్లు ఉత్తరం చూస్తోంది కానీ తల పైకెత్తి ఉంది. ఇవాళ ఆస్ట్రేలియాలో వేలాడదీస్తే అలా ఉంటుంది. అంటే ఆ రాయి చల్లారేనాటికి మన నేల భూమధ్యరేఖకి దక్షిణాన ఉంది! టెడ్ ఇర్వింగ్ అని ఇంగ్లండులో ఒక కుర్రాడు, 1950ల మొదట్లో దక్కన్ రాళ్లు తెప్పించుకుని కొలిచి, ఇండియా వేల కిలోమీటర్లు ఉత్తరానికి నడిచొచ్చిందని రాశాడు. 1954లో ఆ థీసిస్‌కి కేంబ్రిడ్జ్ డాక్టరేటు ఇవ్వలేదు. తర్వాత పదిహేనేళ్లు తిరిగేసరికి ఖండాలు కదులుతాయని లోకమంతా ఒప్పుకుంది. అతణ్ణి తలుచుకుంటే ఇప్పటికీ నాకు గుండె కలుక్కుమంటుంది.

తిరగబడిన రాతిని మొదట పట్టుకున్నది ఫ్రాన్సు ఆయన, బెర్నార్డ్ బ్రూన్. 1906లో. పాంఫారాన్ అనే చోట లావా కిందున్న బంకమట్టి ఆ వేడికి ఇటుకలా కాలిపోయింది. మట్టిలోనూ లావాలోనూ ముల్లు ఒకే తీరున ఎదురు తిరిగి ఉంది. రాతి గుణమే వింతైతే రాయి ఒక్కటే అలా ఉండాలి, మట్టి ఎందుకుంటుంది? కాబట్టి తిరగబడింది భూమి అయస్కాంతమే అన్నాడు. జపాన్‌లో మొటొనొరి మతుయామా 1929లో, ఎదురు దిక్కు రాళ్లన్నీ పాత కాలానివేనని చూపించాడు. చివరిసారి తిరగబడింది సుమారు 7.8 లక్షల ఏళ్ల కిందట, దానికి వీళ్లిద్దరి పేర్లే పెట్టారు. ఆ తర్వాత మన హిందూ మహాసముద్రంలో కార్ల్స్‌బర్గ్ శిఖరశ్రేణి మీద ఓడతో కొలిస్తే, సముద్రపు అడుగున ఉత్తరం, దక్షిణం, ఉత్తరం అని చారలు చారలుగా వచ్చాయి. 1963లో వైన్, మాథ్యూస్ ఆ చారల అర్థం విప్పారు. అడుగున కొత్త నేల పుడుతూ రెండు వైపులకీ జరుగుతోంది, పుట్టినప్పటి దిక్కుని మోసుకుపోతోంది.

ఎందుకు తిరుగుతుందనేగా? ఆ కాగు వైపు చూడండి. అడుగు నీళ్లు వేడెక్కి పైకొస్తున్నాయి, పైవి చల్లబడి కిందకి దిగుతున్నాయి. మన కాళ్ల కింద 2,900 కిలోమీటర్ల లోతున కరిగిన ఇనుము ఉంది, 5,150 కిలోమీటర్ల లోతు దాకా. దాని నడుమ గట్టి ఇనుప గుండు. కరిగిన ఇనుము కాగులో నీళ్లలాగే పొర్లుతుంది. భూమి గిర్రున తిరుగుతోంది కాబట్టి ఆ పొర్లుడు వరద గోదారిలా సుళ్లు తిరుగుతుంది. నా పాత సైకిలుకి డైనమో ఉండేది, చక్రం తిరిగితే దీపం వెలిగేది. అయస్కాంతం దగ్గర లోహం కదిలితే కరెంటు పుడుతుంది, కరెంటు పారితే అయస్కాంతం పుడుతుంది. లోపల ఆ ఇనుము కదులుతూ తన కరెంటు తనే పుట్టించుకుని, తన అయస్కాంతాన్ని తనే నిలబెట్టుకుంటోంది.

ఈ యంత్రానికి ఉత్తరమే కావాలన్న నియమమేమీ లేదు. అటున్నా ఇటున్నా ఒకలాగే నడుస్తుంది. సుళ్లలో అక్కడక్కడ ఎదురు దిక్కు మచ్చలు పుడుతుంటాయి. చాలావరకు చచ్చిపోతాయి. ఒక్కోసారి పెరిగి, మొత్తం బలాన్ని తగ్గించేస్తాయి. అప్పుడు ముల్లుకి ఒక ఉత్తరం ఉండదు, చిన్న చిన్న ధ్రువాలు చాలా చోట్ల లేస్తాయి. వేల ఏళ్ల తర్వాత మళ్లీ కుదురుకుంటుంది, పాత దిక్కుకో, ఎదురు దిక్కుకో. 1995లో గ్లాట్జ్‌మయర్, రాబర్ట్స్ అనే ఇద్దరు ఇదంతా కంప్యూటర్లో ఆడించారు. ఎవరూ తిప్పకుండా దానంతటదే తిరగబడింది! దీనికొక వాయిదా అంటూ లేదు. గత 8 కోట్ల ఏళ్లలో 180 సార్ల దాకా తిరిగింది. అంతకుముందు 3.7 కోట్ల ఏళ్ల పాటు ఒక్కసారి కూడా తిరగలేదు.

అమ్మడూ, నువ్వు భయపడింది ఇప్పటి సంగతికి కదా. ఉత్తర అయస్కాంత ధ్రువం దగ్గరికి జేమ్స్ క్లార్క్ రాస్ 1831లో చేరాడు, కెనడా కొసన. డెబ్భై ఏళ్ల తర్వాత ఆముండ్సెన్ వెళ్తే అది అక్కడ లేదు, జరిగింది. 1990ల నుంచి వేగం పెరిగి, ఒక దశలో ఏడాదికి 50 కిలోమీటర్ల పైన సైబీరియా వైపు పరుగెత్తింది. ఓడలూ విమానాలూ వాడే లెక్కని అయిదేళ్లకోసారి మారుస్తారు, 2019లో గడువు కంటే ముందే మార్చాల్సొచ్చింది. 1840ల నుంచి మొత్తం బలం తొమ్మిది శాతం దాకా తగ్గింది, దక్షిణ అట్లాంటిక్ మీద మరీ తక్కువ. ఇంతమాత్రాన తిరగబడబోతోందని కాదు, ఇలా తగ్గి మళ్లీ పెరిగిన సందర్భాలు రాళ్లలో చాలా ఉన్నాయి. 41,000 ఏళ్ల కిందట బలం దాదాపు పదో వంతుకి పడిపోయి, ముల్లు కొద్ది వందల ఏళ్లు ఎదురు తిరిగి, మళ్లీ వెనక్కొచ్చింది. అప్పుడు భూమి మీద మనుషులున్నారు. బతికారు. బలం తగ్గితే ఉపగ్రహాలకీ కరెంటు లైన్లకీ కష్టమే, మనుషుల ప్రాణాలకి కాదు.

నాకున్న దిగులు వేరే. ఆయన చెయ్యి పెట్టి చూపించిన గోడ ఇప్పుడు లేదు. ఆ తెల్లపొరా, దాని మీది నల్లరాయీ నేనుండగానే క్రషర్లోకి పోయాయి. పేలుడు పెట్టించింది నేనే. యజమానికి చెప్పి చూశాను, ఒక్క పది గజాల గోడ వదిలెయ్యండని. కంకర ఆర్డరు ఉందన్నారు. ఆ ముక్కలు ఏ రోడ్డు కింద, ఏ స్లాబులో ఉన్నాయో! ఒక్కో ముక్కలో ఇంకా ఆ దిక్కు ఉంటుంది, కానీ ఏ ముక్క ఎటు కూర్చుందో తెలియకుండా దాన్ని ఎవరూ చదవలేరు. నా దగ్గర ఆయన ఇచ్చిన రాతి కడ్డీ ఒక్కటుంది, పూజగదిలో. గీత చెరిగిపోకుండా గుడ్డలో చుట్టి పెట్టాను.

దండ వెయ్యరా ఇప్పుడు. చూశావా, కింద పరిచిన ఇటుకలు ఎలా ఎర్రబడ్డాయో. అదిగో మీ నాయనమ్మ పిలుస్తోంది. సాయంత్రం ఇవి చల్లారాక ఎవరూ కదపకండి. చిన్నోడా, నీ పెట్టెలోంచి సుద్దముక్కా, ఆ దిక్సూచీ తీసుకురా. ముల్లు దూరంగా పెట్టుకుని, ఒక్కో ఇటుక మీదా ఉత్తరం గీత గీసి, అప్పుడు లేపుదాం.