ఒడంబడిక: సామంతుడి చెవి నుంచి జనం చేతికి

టర్కీలోని బోఘజ్‌కోయ్ అనే ఊరి పక్కన 1906లో జర్మన్ పండితుడు హ్యూగో వింక్లర్ తవ్వకాలు మొదలుపెట్టాడు. బయటపడిన మట్టిపలకలు వేలల్లో ఉన్నాయి. అది హిట్టైట్ల రాజధాని హత్తుసా అని తేలింది. ఈజిప్టు ఫారో రెండో రామెసెస్‌తో హిట్టైట్ రాజు మూడో హత్తుసిలి చేసుకున్న సంధి కూడా ఆ పలకల్లో దొరికింది. అది ఇద్దరు సమానుల మధ్య సంధి. మతాన్నీ రాజకీయాన్నీ మలుపు తిప్పినవి మాత్రం వేరే పలకలు. హిట్టైట్ చక్రవర్తులు తమ సామంతులతో రాయించుకున్న ఒడంబడికలు అవి.

వాటికి ఒక మూస ఉండేదని 1931లో విక్టర్ కొరోషెట్స్ విడమర్చి చూపించాడు. ముందు చక్రవర్తి బిరుదులు. తర్వాత సామంతుడికి తాను చేసిన మేళ్ల చిట్టా. బదులుగా అతను పాటించాల్సిన షరతులు. సాక్షులుగా దేవతల పేర్లు. చివర్లో మాట తప్పితే తగిలే శాపాలు, నిలబెట్టుకుంటే దక్కే దీవెనలు. చక్రవర్తి రెండో మువతల్లి విలూసా పాలకుడు అలక్సందుతో చేసుకున్న ఒడంబడికలో ఇంకో షరతు ఉంది. ఆ పలకను ఏడాదికి మూడుసార్లు అతనికి చదివి వినిపించాలి. అంటే ఆ చదువు సామంతుడి చెవిన పడటానికే.

భయం పెట్టడంలో అస్సీరియన్లు ఇంకో మెట్టు ఎక్కారు. క్రీ.పూ. 8వ శతాబ్దంలో ఐదో అషుర్ నిరారి అర్పద్ పాలకుడు మతీలుతో ప్రమాణం చేయించినప్పుడు మందలోంచి ఒక గొర్రెపిల్లను తెచ్చారు. తెగిన ఆ తల గొర్రెది కాదనీ, మాట తప్పితే అది మతీలు తల, అతని కొడుకుల తల అనీ పత్రంలో రాయించారు. తలతో వదల్లేదు, భుజం గురించీ అలాగే రాశారు.

ఈ సామ్రాజ్యాల నీడలో బతికిన చిన్న జాతి ఇశ్రాయేలీయులు. బైబిలు నిబంధనకూ హిట్టైట్ ఒడంబడికలకూ పోలిక ఉందని 1954లో జార్జ్ మెండెన్‌హాల్ వాదించాడు. పది ఆజ్ఞలకు ముందు దేవుడు తన పరిచయం చెప్పుకుంటాడు, ఐగుప్తు బానిసత్వం నుంచి విడిపించిన మేలు గుర్తుచేస్తాడు, ఆ తర్వాతే షరతులు పెడతాడు. ఆ మరుసటి ఏడాదే నిమ్రూద్‌లో అస్సీరియా చక్రవర్తి ఎసర్హద్దోను క్రీ.పూ. 672లో చేయించిన ప్రమాణ పత్రాలు దొరికాయి. వాటిలోని శాపాలకూ ద్వితీయోపదేశకాండం 28వ అధ్యాయంలోని శాపాలకూ దగ్గరి పోలికలు కనిపించాయి. మూస హిట్టైట్లదా, అస్సీరియన్లదా అన్నది పండితుల మధ్య ఇంకా తెగని వాదమే. ఎక్కడ నుంచి తెచ్చుకున్నా, ఇశ్రాయేలీయులు దాన్ని తిరగేసి వాడుకున్నారు.

చక్రవర్తి కూర్చునే చోట దేవుణ్ని కూర్చోబెట్టారు. వేరే దేవతలు లేరు కాబట్టి ఆకాశాన్నీ భూమినీ సాక్షులుగా పిలిచారు. ఏడేళ్లకోసారి పండగ నాడు మగవాళ్లు, ఆడవాళ్లు, పిల్లలు, ఊళ్లో ఉండే పరదేశులు, అందరినీ పోగుచేసి చదివి వినిపించాలన్నారు. ఇక రాజు సంగతి. ధర్మశాస్త్రానికి ప్రతి రాయించుకుని, బతికినన్నాళ్లూ చదువుకోవాలని అతనికీ కట్టడి పెట్టారు. షరతులు జనానికి తెలిశాక, రాజు వాటిని మీరితే పట్టుకునేవాళ్లు పుట్టుకొస్తారు. ఇశ్రాయేలు ప్రవక్తలు చేసిన పని అదే.

ఈ ఆలోచన మళ్లీ రాజుకున్నది 16వ శతాబ్దపు ఐరోపాలో. జ్యూరిక్‌లో మత సంస్కర్త బుల్లింగర్ 1534లో నిబంధన మీద ఒక పుస్తకమే రాశాడు. 1572లో ఫ్రాన్స్‌లో ప్రొటెస్టెంట్ల ఊచకోత జరిగాక, 1579లో మారుపేరుతో ఒక లాటిన్ గ్రంథం వెలువడింది. దేవుడితో రాజు, ప్రజలు కలిసి చేసుకున్న ఒప్పందం ఒకటి, రాజుకూ ప్రజలకూ మధ్య ఇంకొకటి ఉన్నాయనీ, రాజు తప్పితే ఎదిరించవచ్చనీ దాని సారం.

ఆ మాటను కాగితం మీంచి వీధిలోకి తెచ్చింది స్కాట్లండ్. రాజు మొదటి చార్లెస్ తమ మీద రుద్దిన ప్రార్థన పుస్తకానికి వ్యతిరేకంగా 1637లో ఎడిన్‌బరోలో అల్లర్లు జరిగాయి. మత బోధకుడు అలెగ్జాండర్ హెండర్సన్, లాయరు ఆర్చిబాల్డ్ జాన్‌స్టన్ కలిసి జాతీయ ఒడంబడిక రాశారు. 1638 ఫిబ్రవరి 28న గ్రేఫ్రయర్స్ చర్చిలో ముందు ప్రభువులు సంతకాలు చేశారు. తర్వాతి రోజుల్లో బోధకులు, పట్టణాల ప్రతినిధులు, మామూలు జనం చేశారు. ప్రతులు ఊరూరికీ వెళ్లాయి. అలక్సందు కాలంలో విని ఊరుకోవాల్సిన పత్రం మీద ఇప్పుడు జనం చెయ్యి పడింది. సామంతుణ్ని కట్టడానికి పేనిన తాడు రాజు మెడకే చుట్టుకుంది.

అయితే ఆ తాడు రెండో కొస తోటివాళ్ల మెడకు తగిలింది. 1640లో స్కాట్లండ్ పార్లమెంటు ఆ సంతకాన్ని తప్పనిసరి చేసింది. ఇష్టపడి చేసే ప్రమాణం అలా విధేయతకు పరీక్షగా మారింది. రెండో చార్లెస్ గద్దెనెక్కాక కథ అడ్డం తిరిగింది. ఒడంబడిక చట్టవిరుద్ధమైంది, జాన్‌స్టన్‌ను 1663లో ఉరితీశారు. 1912లో ఐర్లండ్ స్వపరిపాలనను అడ్డుకోవడానికి అల్‌స్టర్ ప్రొటెస్టెంట్లు అదే పద్ధతి పట్టుకున్నారు. మగవాళ్ల ఒడంబడికపై 2,37,368 మంది, ఆడవాళ్ల ప్రకటనపై 2,34,046 మంది సంతకాలు చేశారు. అదే నేలమీద ఉన్న కాథలిక్కులకు అందులో చోటు లేదు.

ప్రెస్బిటేరియన్ బోధకుడి కొడుకు ఉడ్రో విల్సన్ పూనికతో 1919లో నానాజాతి సమితి నియమావళికీ ఒడంబడిక అనే పేరే పెట్టారు. ఐక్యరాజ్యసమితి 1966లో ఆమోదించిన పౌర, రాజకీయ హక్కుల ఒడంబడికలో భారత్ 1979లో చేరింది. వీటిలో దేవుడు లేడు, శాపాలు లేవు. హక్కుల ఒడంబడిక ప్రకారం, మాట నిలబెట్టుకున్నారో లేదో ప్రభుత్వాలే నివేదికలు పంపాలి, మానవ హక్కుల కమిటీ వాటిని పరిశీలించాలి. భారత్ నివేదికను కమిటీ 1997లో పరిశీలించాక, మళ్లీ పరిశీలించింది 2024లో. ఆ ఎడం ఎందుకని మన వీధుల్లో ఎవరూ నిలదీయలేదు. షరతులేమిటో తెలియని జనం లెక్క అడగలేరు. ద్వితీయోపదేశకాండం రాసినవాళ్లు పిల్లలకూ పరదేశులకూ కూడా వినిపించమన్నది అందుకే. మన హక్కుల ఒడంబడికల్లో ఇప్పుడు లోపించింది ఆ వినిపించడమే.