బిలాస్‌పూర్ నుంచి ఒక సినిమా కబురు

మా తాత విజయనగరం దగ్గర పల్లె నుంచి రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా బిలాస్‌పూర్ వచ్చాడు. 1931లో విజయనగరం–రాయపూర్ లైను పూర్తయ్యాక మన ఉత్తరాంధ్ర వాళ్లకి ఇటు రావడం తేలికైంది. ఇంట్లో తెలుగు, ఆఫీసులో హిందీ. ఛత్తీస్‌గఢీ అంటే మా కాలనీలో కూరలమ్మే ఆడవాళ్ల భాష, అంతే. మూడు తరాలుగా ఈ నేల బియ్యం తింటూ దాని భాషని అలా చూశామన్న బాధ నాకుంది. అందుకే ఛత్తీస్‌గఢ్ రాష్ట్రం కథని ఆ భాషలో వచ్చిన సినిమాతో మొదలుపెడుతున్నాను.

రాష్ట్రం పుట్టింది 2000 నవంబరు 1న. భాష తెరకెక్కింది మాత్రం 1965లోనే. రాయపూర్ వైపు పల్లెలో పుట్టిన మను నాయక్ బొంబాయి వెళ్లి సినిమా ఆఫీసుల్లో పని నేర్చుకున్నారు. భోజ్‌పురిలో తొలి సినిమా వచ్చి ఆడేసరికి, మా భాషకేం తక్కువ అనుకున్నారు. అలా తీసిందే 'కహి దేబే సందేశ్'. కబురు చెప్పవూ, అని అర్థం. షూటింగు పలారి అనే ఊళ్లో. కథ సత్నామీ కుర్రాడికీ బ్రాహ్మణ పిల్లకీ మధ్య ప్రేమ.

సత్నామీలంటే ఎవరో చెప్పాలి. 1756లో గిరౌద్‌పురిలో పుట్టిన గురు ఘాసీదాస్ బాటలో నడిచేవాళ్లు. మనుషులంతా ఒక్కటేనని ఆయన చెబితే, ఆ మాట నమ్మినవాళ్లని ఊళ్లు అంటరానివాళ్లుగానే చూశాయి. ఆ ఊళ్ల మధ్యే కెమెరా పెట్టి ఆ ప్రేమకథ తీయడానికి ఎంత గుండె కావాలి! గొడవ జరిగింది, సినిమా ఆపేయమన్నారు. అప్పటి కేంద్ర సమాచార, ప్రసార మంత్రి ఇందిరాగాంధీ కొంత భాగం చూసి మెచ్చుకున్నాకగానీ సద్దుమణగలేదు.

పాటలు రాసింది హనుమంత్ నాయుడు. ఆ పేరు దగ్గర నేను ఆగిపోయాను. మహమ్మద్ రఫీ గొంతులో ఛత్తీస్‌గఢీ మాటలు, వాటి కింద నాయుడు అన్న పేరు! అమ్మకి చూపిస్తే కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చదివింది.

1971లో ఇదే భాషలో 'ఘర్ ద్వార్' అనే సినిమా వచ్చింది. ఆ తర్వాత దాదాపు ముప్పై ఏళ్లపాటు హాళ్లలో ఈ భాష వినబడడమే గగనమైంది. ఫిల్ము కొనాలి, కడిగించాలి, ప్రింట్లు వేయించాలి. చిన్న భాషకి అంత డబ్బు పెట్టేదెవరు? 2000లో, రాష్ట్రం ఏర్పడే ముందు, సతీశ్ జైన్ తీసిన 'మోర్ ఛైఁహా భుఁయ్యా' వచ్చి జనం విరగబడ్డారు. నా నీడ, నా నేల అని దాని అర్థం.

అప్పటికే పెళ్లి వీడియోల వాళ్ల చేతికి చిన్న డిజిటల్ కెమెరాలు వచ్చేశాయి. వాటితోనే పాటల ఆల్బమ్‌లు తీసి సీడీలు అమ్మేవాళ్లు. ఓ మాఘమాసం పొద్దున అర్పా నది ఇసుకలో అలాంటి షూటింగు చూశాను. యూనిట్ మొత్తం నలుగురు. ఒకడు థర్మోకోల్ అట్టతో ఎండని అమ్మాయి ముఖం మీదకి తిప్పుతున్నాడు. టేప్‌రికార్డర్‌లో పాట మొదలవగానే ఆ పిల్ల పెదాలు కలుపుతోంది. అగ్గిపెట్టెంత క్యాసెట్టు. అయిపోగానే వెనక్కి తిప్పి, కెమెరా పక్కనున్న బుల్లి తెరలో అందరూ తలలు ఆనించి చూసుకున్నారు. ఒడ్డున బట్టలుతుకుతున్న ఇద్దరు ఆడవాళ్లు తడి చేతులు చీరకి తుడుచుకుంటూ వచ్చి, మాకూ చూపించరా బాబూ అని తమ భాషలో అడిగారు. కెమెరా అతను క్యాసెట్టుని మళ్లీ మొదటికి తిప్పాడు.