కొయ్య కావలివాళ్ల కూలుబాటు

రాజగృహానికి ఆగ్నేయంగా, ఎనభై మూరల లోతున, బుద్ధుడి అస్థి ధాతువుల చుట్టూ కొయ్య మనుషులు కత్తులు దూసి తిరిగేవాళ్లు. గాలికి ఎంత వేగమో వాళ్లకూ అంతే. నిద్ర లేదు, తిండి లేదు, వంతు మార్చేవాడు లేడు.

అయిదో శతాబ్దంలో సింహళంలో ఉండి బుద్ధఘోషుడు రాసిన సుమంగళవిలాసినిలో ఉందీ గాథ. ఆయన పుట్టింది మన గుంటూరు సీమలోనేనని కొందరు పండితుల మాట.

బుద్ధుడి శిష్యుడు మహాకాశ్యపుడు ధాతువుల్లో చాలావాటిని తెచ్చి ఇవ్వగా, మగధ రాజు అజాతశత్రువు వాటిని ఒకచోట దాచాడు. మహాశ్రావకులు ఎనభై మందికి చైత్యాలు కడుతున్నామని జనానికి చెప్పించి, గుట్టుగా నేలమాళిగ కట్టించాడు. లోపల సువాసన నూనె దీపాలు పెట్టారు, పూలు పరిచారు. కాపలా ఏర్పాటు ఇంద్రుడు విశ్వకర్మకు అప్పగించాడు. ఆయన కొయ్య మనుషుల్ని చేసి, స్ఫటికంలా మెరిసే కత్తులిచ్చి, యంత్రం మొత్తాన్ని ఒకే ఒక్క చీలతో బిగించాడు. పైన రాళ్లు పేర్చి మన్ను పోశారు.

ఆ ఒక్క చీల దగ్గరే నా మనసు చిక్కుకుపోతుంది. చింతూరు మండలం వాళ్లకు తిరిగే యంత్రం కొత్త కాదు. అక్కడి పొల్లూరులో, దిగువ సీలేరు విద్యుత్ కేంద్రంలో, 115 మెగావాట్ల యంత్రాలు నాలుగు 1970ల నుంచి తిరుగుతున్నాయి. డొంకరాయి నుంచి కాలువ నీళ్లు వచ్చినంతసేపే వాటి ఆట. గేటు దించితే ఎంతటి చక్రమైనా నిలబడిపోతుంది. నడిపే చెయ్యే ఆపే చెయ్యి కూడా.

కొయ్య మనుషుల విషయంలో జరిగింది అదే. బుద్ధుడు పోయిన 218 ఏళ్లకు అశోకుడు పట్టాభిషిక్తుడయ్యాడు. కట్టించిన 84,000 విహారాలకూ ధాతువులు కావాలి. ఎక్కడెక్కడో వెతికించాడు, దొరకలేదు. చివరికి రాజగృహంలో నూట ఇరవై ఏళ్ల స్థవిరుడు ఒకాయన నోరు విప్పాడు. తన ఏడో ఏట తండ్రి పూలబుట్ట ఇచ్చి పొదల మధ్య ఉన్న ఒక రాతి స్తూపం దగ్గరికి తీసుకెళ్లాడట. అక్కడ మొక్కించి, ఈ చోటు గుర్తుపెట్టుకో అన్నాడట. అంతకుమించి ఆ ముసలాయనకూ తెలియదు.

తవ్వించారు. కత్తులు తిరుగుతూనే ఉన్నాయి. మంత్రగాళ్లను పిలిపించి బలులిప్పించినా యంత్రం మొదలూ తుదీ అంతుచిక్కలేదు. అశోకుడు దేవతలకు మొరపెట్టుకున్నాడు. అప్పుడొచ్చాడు ఒక పల్లెటూరి కుర్రవాడు, అయిదు పిలకలతో, చేతిలో విల్లుతో. తీసేయనా అని అడిగాడు. రాజు సరేనన్నాడు. కుర్రవాడు కీలుకు గురిపెట్టి బాణం వదిలాడు. అంతా చెల్లాచెదురైంది.

ఆ కుర్రవాడు విశ్వకర్మే. ఎక్కడ కొడితే కూలుతుందో చేసినవాడికి గాక ఇంకెవరికి తెలుసు?

లోపల దీపాలు అప్పుడే వెలిగించినట్టు వెలుగుతున్నాయి, పూలు వాడలేదు. ఒక బంగారు రేకు దొరికింది. ప్రియదాసుడనే రాకుమారుడు అశోకుడై వచ్చి ఈ ధాతువుల్ని లోకమంతా పంచుతాడని మహాకాశ్యపుడు ముందే రాయించాడు. అంటే రావలసినవాడే వచ్చాడు. ఆ పేరు రేకు మీద ఉంది గానీ, బయట తిరిగే కావలివాళ్లకు ఎవరూ చెప్పలేదు. వాళ్లు దొంగనూ వారసుణ్నీ ఒకే కత్తితో ఆపారు. చెప్పిన పని చెప్పినట్టు చేసినందుకే కూలిపోయారు. ధాతువులకు ఊరేగింపులు జరిగాయి, విహారాలు వెలిశాయి. చెదిరిన ఆ కొయ్య ముక్కల్ని ఎవరు ఏరారో గాథ చెప్పదు. వాళ్ల తప్పు ఇసుమంతైనా లేదని నేను గట్టిగా నమ్ముతాను.

కాపలా లేని ధాతు స్తూపాల గతి ఏమిటో మన నేల కళ్లారా చూసింది. భట్టిప్రోలులో 1892లో అలెగ్జాండర్ రే తవ్వి మూడు ధాతు కరండాలు వెలికితీసేనాటికే, ఆ మహాస్తూపం ఇటుకలు రోడ్లకూ పాలరాతి పలకలు కాలువ తూముకూ పోయాయి.